ఓవెన్ మూలన ఒక్క పొట్లం

కోడలు కాపురానికొచ్చి నెలైనా కాకముందే ఫ్రేడెల్ కొంప ముంచింది ఎవరో కాదు, ఆవిడ మొగుడే.

"ఈ రాత్రికి బల్ల మీద కోడలు తిర్జా చేసే రొట్టెలు పెట్టవే. నీ చేతివి పెళ్ళైనప్పట్నుంచీ తింటూనే ఉన్నాంగా" అన్నాడు జెలిగ్, టీ ఊదుకుంటూ.

అన్నవాడు టీ తాగి ప్రార్థనకి వెళ్ళిపోయాడు. ఫ్రేడెల్‌కి కడుపులో కుంపటి రాజుకుంది. యూదుల వారపు విశ్రాంతి దినమైన సబ్బాతుకి, శుక్రవారం రాత్రి బల్ల మీద ముఖమల్ గుడ్డ కింద ఉండే రొట్టెల జత ఆ ఇంట్లో ఆవిడది. అత్తగారు పోయాక మరొకరి రొట్టె అక్కడికి రాలేదు. శుక్రవారం వస్తే జెరూసలేంలో ఆ సందంతా ఆవిడ వంటింటి వాసనే. ఇప్పుడు నిన్నగాక మొన్నొచ్చిన పిల్ల ఆ గుడ్డ కిందికి దూరుతుందా?

ఆవిడ వంటింట్లోకి వెళ్ళేసరికే తిర్జా పిండిని పాయలు తీసేసింది. మూడు కాదు, ఆరు. చకచకా జడ అల్లేస్తోంది. ఫ్రేడెల్ పొంగిన తన పిండి గిన్నె ముందేసుకుందే గానీ, చూపంతా ఆ వేళ్ళ మీదే.

"ఆరు పాయలెందుకమ్మా, రొట్టెకేమైనా పెళ్ళా?"

"మా అమ్మ ఇలాగే అల్లుతుంది అత్తయ్యా. మీకూ నేర్పనా?"

"నాకా! ఈ చేతులు ఎన్ని బస్తాల పిండి పిసికాయో మీ ఆయన్ని అడుగు."

నేర్పుతుందట! ఒళ్ళు మండిపోయింది ఆవిడకి. ఆ మంటలోనే గిన్నెలోంచి పిండి తీసి, ముక్కలు చేసి, మూడు పాయలు లాగి, ఎప్పటికన్నా బిగించి అల్లింది. గుడ్డు సొన పూసి నువ్వులు చల్లింది. అప్పుడు తట్టింది. ఇంతకీ ఈ పిల్ల దేవుడి ముద్ద తీసిందా?

పిండిలోంచి చిన్న ముద్ద తుంచి, దీవెన చెప్పి, ఫాయిల్‌లో చుట్టి కాల్చెయ్యాలి. అది జరక్కపోతే ఆ రొట్టె ముట్టకూడదు. పగలే గుర్తొస్తే కాలిన రొట్టెలోంచైనా తియ్యొచ్చు గానీ, సబ్బాతు మొదలయ్యాక ఆ దారీ లేదు. ఫ్రేడెల్ గట్టంతా కళ్ళతోనే వెతికింది. కోడలి దగ్గర ముద్దా లేదు, పొట్లమూ లేదు.

చెబుదామని తెరిచిన నోరు మూసేసుకుంది. ఇప్పుడు చెబితే సరిచేసుకుంటుంది. రాత్రి అందరి ముందూ చెబితే, లోపల్నుంచి తన రొట్టెలు బల్ల మీదికొస్తాయి.

మధ్యాహ్నం ఓవెన్ తుడుస్తుంటే మూలన మాడిన పొట్లం కనబడింది. ఒక్కటే. 'నాది ఉంది, దానిది లేదు' అనుకుని సంబరంగా చెత్తబుట్టలో పడేసింది.

సాయంత్రం సబ్బాతు మొదలవుతోందని ఊరి సైరన్ మోగింది. దీపాలు వెలిగాయి. ద్రాక్షరసం మీద దీవెన అయ్యాక, చేతులు కడుక్కోవడానికి అందరూ లేచారు.

"ఆగండి" అంది ఫ్రేడెల్. "ఆ రొట్టెలు కొయ్యకూడదు. కోడలుగారు ముద్ద తియ్యలేదు."

తిర్జా మొహం పాలిపోయింది. "తీశానత్తయ్యా. మీరు వంటింట్లోకి రాకముందే. ఫాయిల్‌లో చుట్టి ఓవెన్ మూలన పెట్టాను."

"అది నాది!"

"మీరు..." తిర్జా తల దించుకుంది. "మీరు గిన్నెలోంచి తీసి నేరుగా పాయలు లాగేశారు. మీ అంతటివారు, ఎప్పుడో తీసే ఉంటారనుకున్నా. అడిగితే తిడతారని..."

ఫ్రేడెల్ పొద్దుటి సంగతంతా తవ్వుకుంది. పిండి గుర్తొచ్చింది, ఆ పిల్ల వేళ్ళు గుర్తొచ్చాయి. తను దీవెన చెప్పినట్టు మాత్రం ఎంత తవ్వినా గుర్తు రాలేదు. కోడలికి బుద్ధి చెప్పి అత్త తెడ్డి నాకడమంటే ఇదే.

కొడుకు అకీవా నవ్వబోయి, తల్లి మొహం చూసి మానేశాడు. చేతులు కడుక్కున్నాక రొట్టె నోట్లో పడేదాకా మాట్లాడకూడదు కాబట్టి బతికిపోయింది ఆవిడ. జెలిగ్ దీవెన చెప్పి, రొట్టె కోసి, ఉప్పులో అద్ది ముందుగా ఆవిడ చేతికిచ్చాడు.

దూదిలా ఉంది రొట్టె. తేనె కాస్త ఎక్కువైంది, అదే బాగుంది. ఫ్రేడెల్ కుళ్ళుకుంటూనే నమిలింది, కుళ్ళుకుంటూనే మింగింది. ఇంకో ముక్క కోసం చెయ్యి చాపింది.

"వచ్చే శుక్రవారం నేను ముద్ద తీశానో లేదో నువ్వే అడుగు" అంది కోడలితో, ఎటో చూస్తూ. "తిడతాను. అయినా అడుగు."