ఒంటికాలి గుంట

యుద్ధం ముగిసి పదిహేడేళ్లయింది. ఫుకగవ పేటలో ఎవరింట్లో నేలంతా పరిచిన మందపాటి తుంగచాప అరిగినా చాపలు కుట్టే ఇసాబురోకే కబురు వచ్చేది. చాప మీద అరచెయ్యి పెట్టి నిమిరితే చాలు, ఆ ఇంటి ముసలాయన ఎక్కడ కూర్చుంటాడో, కోడలు ఏ మూల మోకాళ్ల మీద కూర్చుని వడ్డిస్తుందో చెప్పేవాడు.

ఆ ఏడు అతని చేతికి కొత్త రకం గుంటలు తగిలాయి. గిన్నెమూతంత గుండ్రంగా, జంటజంటగా, పోగులు మెలిదిరిగి ఉన్నాయి. మూడిళ్లు చూశాక గాని అవి ట్విస్టు డాన్సు గుంటలని తెలియలేదు. కుర్రకారు నిలుచున్న చోటే నడుం ఊపుతూ, సిగరెట్టు పీక నలిపినట్టు మునివేళ్లతో చాపను తోడేస్తున్నారు.

బట్టల కొట్లో పనిచేసే పందొమ్మిదేళ్ల కూతురు ఫుజికోకు ఆరోజే గట్టిగా చెప్పాడు. ఆ ఆట తన గడప తొక్కితే ఆదివారం రైలుకే నీగతలో మేనత్త దగ్గరికి పంపేస్తాననీ, అక్కడి వరిమళ్లలో నడుం కావలసినంత ఊగుతుందనీ. పిల్ల తలవంచుకుని పులుసు తాగింది. భార్య సుయె ఖాళీ గిన్నెలు తీసుకుని వంటింట్లోకి వెళ్లింది.

ఆగస్టులో తమ ఇంటి చాపలు లేపి ఎండబెట్టే రోజున, కిటికీ కింద ఎవరూ కూర్చోని దిండు ఒకటి కనబడింది. ఇసాబురో దాన్ని తీశాడు. కింద గుంటలు.

"సంచి సర్దుకోనా నాన్నా?" అంది ఫుజికో గుమ్మంలోంచి.

అతను కూర్చుని నిమిరాడు. జంట గుంటలు కూతురివి. వాటికెదురుగా ఇంకొకటి, ఒంటిది, కుడికాలిది. దాని ఎడమ పక్క ఒక్క పోగు కూడా చెదరలేదు.

బాంబులకు పేట తగలబడినప్పుడు రెండేళ్ల ఫుజికోను వీపున కట్టుకుని సుయె నిప్పుల్లోంచి నడిచింది. ఎడమ పాదానికి మూడు వేళ్లు పోయాయి. అతనప్పుడు మంచూరియాలో సిపాయిగా ఉన్నాడు. ఆ తర్వాత ఏ వేసవి పండగలోనూ ఆమె ఆడేవాళ్ల వరసలో చేరలేదు. ఎందుకని అతనూ అడగలేదు.

సుయె వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చింది.

"పిల్లనేం అనకండి. నేర్పమన్నది నేనే. దీనికి అడుగులు వేయక్కర్లేదు కదండీ. నిలబడితే చాలు."

ఇసాబురో ఆ ఒంటి గుంటను ఇంకోసారి నిమిరాడు. తర్వాత అంచు కుట్లు విప్పి, పై అల్లికను తిరగేసి బిగించాడు. లోపలి వైపు ఇంకా పచ్చగానే ఉంది.

"తిరగేసేది ఒక్కసారే. మళ్లీ అరిగితే ఇంకో వైపు లేదు," అన్నాడు దారం కొరుకుతూ. "మన చాపల దుకాణంలో చెక్కనేల ఉంది. పని ముగిశాక ఊడ్చుకోండి. కింద సూదులు పడి ఉంటాయి."

ఆదివారం ఫుజికో చీపురు పట్టుకుని వెళ్లేసరికి పనిబల్ల గోడకు జరిపి ఉంది. నేల ఎవరో ముందే ఊడ్చేశారు.