తొమ్మిదేళ్ళకు ఒక్కడే సాక్షి

బిస్కెట్ల ఫ్యాక్టరీలో ఓవెన్ ముందు ముప్ఫై ఒక్క ఏళ్ళు నిలబడ్డాడు మేస్త్రి. రిటైరైనప్పుడు చేతికి రావలసిన డబ్బును కంపెనీ రెండేళ్ళుగా తొక్కిపట్టింది. "మా పుస్తకాల్లో ఇరవై రెండేళ్ళే ఉన్నాయి. దానికి ఒప్పుకుని సంతకం పెట్టు, లేకపోతే కోర్టులో తేల్చుకో" అంది. మొదటి తొమ్మిదేళ్ళు రోజుకూలి కింద చేయించుకుని కాగితం ముక్క ఇవ్వలేదు మరి! కాలిన మచ్చలు మోచేతుల దాకా ఉన్నాయిగానీ, మచ్చల మీద తారీఖులుండవు కదా.

"ఆ రోజుల్లో మీతో పనిచేసినవాళ్ళు ఒక్కరొచ్చి చెబితే చాలు" అంది లాయరమ్మ.

మిగిలిందే ఒక్కడు, పోయిన భార్యకు తమ్ముడు. తాను చేరిన నెలకే అతన్ని చెయ్యిపట్టి తీసుకెళ్ళి పనిలో పెట్టించింది మేస్త్రే. అక్క పోయాక ప్రతి ఆదివారం వచ్చి, బావ వండిన కూరకు వంద వంకలు పెట్టి, మారు వడ్డించుకుని మరీ తిని, పేకాటలో దొంగాట ఆడి వెళ్ళేవాడు. ఆ ఇంట్లో రెండో గొంతు వినబడేది ఆ ఒక్క పూటే.

సాక్ష్యానికి రమ్మని కోర్టు సమన్లు అందిన నాటి నుంచి అతను రావడం మానేశాడు. ఫోను చేస్తే ఒకసారి "జ్వరం బావా" అన్నాడు, ఇంకోసారి "చుట్టాలొచ్చారు బావా" అన్నాడు. నేను కాక వీడికి చుట్టాలెవరు, అని మేస్త్రి పళ్ళు నూరాడు. అయినా ఐదు ఆదివారాలు ఇద్దరికీ వండాడు. గుమ్మం వైపు చూసి చూసి, రెండో కంచం తీసి లోపల పెట్టి, ఒక్కడే తినేవాడు.

వాయిదా నాడు బావమరిది వచ్చి బోనెక్కాడు. మొహంలో నెత్తురుచుక్క లేదు. ముందు వరసలో మేనేజరు కళ్ళార్పకుండా చూస్తున్నాడు. బావమరిది రిటైరవడానికి ఇంకా నాలుగు నెలలే. అతనికీ కాగితం లేని ఏళ్ళున్నాయి. నోరు విప్పాడా, రేపు అతని డబ్బుకీ ఇదే గతి.

"ఈయన మీకు ఎన్నాళ్ళుగా తెలుసు?" అని లాయరమ్మ అడిగింది.

"మా అక్క పెళ్ళైనప్పటినుంచి..." అని ఆగి, మేనేజరు వైపు ఒకసారి చూసి, చెమట తుడుచుకున్నాడు. వీణ్ణి ఈ బోనెక్కించింది నేనే కదా, అనుకున్నాడు మేస్త్రి. ఐదు వారాల కోపం ఎటు పోయిందో!

చటుక్కున లేచాడు. "అయ్యా, ఈ సాక్షి నాకొద్దు. ఆ ఇరవై రెండేళ్ళకే ఇప్పించండి."

లాయరమ్మ తల పట్టుకుంది.

బయట మెట్ల మీద బావమరిది కోసం కాచుకున్నాడు మేస్త్రి. తొమ్మిదేళ్ళు నీళ్ళపాలైతే అయ్యాయి, మనిషి దక్కాడన్న ధీమా అతనిది. "ఆదివారం వస్తావు కదరా?"

బావమరిది తలెత్తాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"చెప్పడానికే వచ్చాను బావా. నిద్ర లేకుండా ఐదు వారాలు ధైర్యం కూడగట్టుకుని వచ్చాను. అందరి ముందూ నన్ను పిరికివాణ్ణి చేసి దింపేశావు. మా అక్కైతే నమ్మేది."

మెట్లు దిగి వెళ్ళిపోయాడు. ఆ ఆదివారం కూడా మేస్త్రి ఇద్దరికీ వండాడు.