డికాషను దిగేలోపు

“కత్తెరకి పేరు పెట్టి పిలిచే దర్జీని ఎక్కడైనా చూశావా?” అన్నాడు లియోన్సియో, అద్దంలో చూసుకుంటూ మెడపట్టీ సరిచేసుకుంటూ.

సోయిలా వంటింటి గడప మీద కూర్చుని ఉడికిన మొక్కజొన్న గింజలకి పొట్టు తీస్తోంది. అడగక అడగక ఒక్కటి అడిగింది. రాజధాని కీటో నుంచి విమర్శకులు డాక్టర్ పాస్మిన్యో గారు మధ్యాహ్నం వస్తున్నారు. దేశంలోని కొత్త కవులందరినీ కలిపి ఆయన ఒక పెద్ద పుస్తకం వేస్తున్నారు. అందులోకి లియోన్సియోవి పన్నెండు కవితలు ఏరుకున్నారు. ఇవాళ వచ్చి అనుమతి కాగితం మీద సంతకం పెట్టించుకుని, కవితల ప్రతులు పట్టుకుపోతారు. వాటి కింద మీ పేరుతో పాటు నా పేరు కూడా వెయ్యమనండి, చిన్న అక్షరాలైనా చాలు, అంది. దానికి వచ్చిన జవాబు కత్తెర.

వసారాలో కూర్చున్న అత్తగారు యుదోక్సియా కూడా విన్నది. ఆవిడ వినని మాట ఆ ఇంట్లో ఇంకా పుట్టలేదు. “మీ మామగారు నలభై ఏళ్ళు కోర్టుకి వెళ్ళారు. ఆయన కోటు నలభై ఏళ్ళూ నేనే ఇస్త్రీ చేశాను. ఏ జడ్జీ అయినా నా పేరు పిలిచాడా అమ్మాయ్?” అంది.

సోయిలా ఇంకో గుప్పెడు గింజలు తీసుకుంది. పొట్టు ఒకవైపు, గింజ ఒకవైపు పడుతున్నాయి.

మా క్వెంకాలో కవులకి కరువు లేదు. వడగళ్ళు కురిస్తే పదింట ఏడు కవుల నెత్తినే పడతాయి, మిగతా మూడూ కవి కాబోయేవాళ్ళ మీద. ఒకప్పుడు ఈ ఊళ్ళో కుక్కలు కూడా ప్రాస తప్పకుండా మొరిగేవి. లియోన్సియో బృందం వచ్చి, ప్రాస పాతచింతకాయ పచ్చడి అని తేల్చేశాక అవీ మానేశాయి. ఇప్పుడు ఎవరికీ అర్థం కాకుండా మొరుగుతున్నాయి. దాంతో వాటికి గౌరవం పెరిగింది.

ఆ బృందం శనివారం శనివారం లియోన్సియో ఇంట్లో కూడుతుంది. వాళ్ళకో ఆచారం ఉంది. కాఫీ గుడ్డసంచిలో వేడినీళ్ళు పోసి, డికాషను చుక్క చుక్క దిగేలోపు ఒకరు కవిత చెప్పాలి. కవి లోపలి గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంటాడు. టైపు మిషను ముందు సోయిలా కూర్చుంటుంది. ఆయన చెబుతాడు, ఆమె కొడుతుంది. డికాషను దిగిందని కేక వినపడగానే కాగితం లాగి, కవి కూడా చదవకుండా, తిన్నగా ముఖ్య అతిథి చేతిలో పెట్టాలి. దిద్దుకోవడం లేదు, మార్చుకోవడం లేదు. మిగతావాళ్ళు చెప్పినవి చెప్పినట్టే వచ్చేవి, చల్లారిన కాఫీతో కలిపి జనం వాటిని దిగమింగేవారు. లియోన్సియోది మాత్రం ఎప్పుడూ ఆరేడు పంక్తులు దాటేది కాదు. చదివాక గదిలో కాసేపు ఎవరూ కప్పు ఎత్తేవారు కాదు.

అది ఎలా మొదలైందో సోయిలాకి బాగా గుర్తు. పెళ్ళయిన మొదటి ఏడు. ఇంట్లో ఒక్క కాగితమే మిగిలింది, ఆయన నోట్లోంచి మూడు కాగితాల మాటలు ఊడిపడ్డాయి. ‘ఓ జ్వరపీడిత పర్వతరాజమా, అనాది గంధక ధూపాలతో’ అంటూ ఆయన గది ఈ మూల నుంచి ఆ మూలకి తిరుగుతుంటే, ఆమె అందులోంచి రెండు మాటలు ఏరుకుంది. కొండ. జ్వరం. మిగతాది ఆయన చెప్పలేదు. అంతకు నెల ముందు కడుపు పోయి ఆమె పదకొండు రోజులు జ్వరంతో పడుకుంది. అత్తగారు గుమ్మంలోంచే పిండి రుబ్బడం అయిందా అని అడిగింది. ఆయన పక్కగదిలోంచి, నాకు దగ్గు అంటుకుంటుందేమో, తలుపు వెయ్యి అన్నాడు. అదంతా ఆమె కొట్టలేదు. కాగితం మీద ఇంతే పడింది: కొండకి జ్వరం. చెయ్యి పెట్టి చూసేవాళ్ళు లేరు. ఆ సాయంత్రం మందులషాపు అర్సెనియో ఏడ్చినంత పని చేసి లియోన్సియోని కౌగిలించుకున్నాడు. అతని భుజం మీదుగా లియోన్సియో భార్య వైపు ఒక్క క్షణం చూసి, చూపు తిప్పేసుకున్నాడు. ఆ తిప్పుకోవడంలోనే వాళ్ళ పదకొండేళ్ళ కాపురం ఉంది. ఆ తరవాత ఆయన చెప్పడం, ఆమె కొయ్యడం, ఇద్దరూ ఆ సంగతి ఎత్తకపోవడం ఒక అలవాటయింది. పిల్లలు పుట్టలేదు, కవితలు పుట్టాయి. పుట్టినవాటికి తండ్రి పేరు పెట్టుకుని తిప్పుతున్నారు.

ఆ కవిత మీద డాక్టర్ పాస్మిన్యో గారు తొమ్మిది పేజీల వ్యాసం రాశారు. చెయ్యి అంటే దేవుడట, లేకపోవడం అంటే ఈ శతాబ్దమట. సోయిలా ఉల్లిపాయలు వేగుతుంటే పొయ్యి దగ్గర నిలబడి మొత్తం చదివింది. తొమ్మిది పేజీల్లో ఎక్కడా ఒక్కరికైనా జ్వరం రాలేదు. అయినా ఆమెకి కోపం రాలేదు. ఎందుకంటే అవే రెండు పంక్తులు ఒకసారి ఏటి ఒడ్డున బట్టలు ఉతికే రొసెండాకి చదివి వినిపిస్తే, రొసెండా తడిబట్ట పక్కన పెట్టి, మా అమ్మ పోయిన రోజు సంగతి నీకెవరు చెప్పారమ్మా అని అడిగింది. అప్పుడే సోయిలాకి తెలిసింది. మాట తీసేసిన చోట ఖాళీ ఉండదు. చదివేవాళ్ళ ఇంట్లోంచి ఏదో ఒకటి నడిచొచ్చి అక్కడ కూర్చుంటుంది. దానికి చోటు ఎంత వదలాలి, ఎక్కడ వదలాలి అన్నదే పని. ఆ పని చెయ్యడం తనకి వచ్చు. ఆ ఇంట్లో ఆ పనికి పేరే లేదు కనక, చేసేదానికీ లేదు.

మూడు గంటలకి వాన, డాక్టరు గారు కలిసే వచ్చారు. ఆయన మెత్తటి చేతుల మనిషి. కుర్చీలో కూర్చోగానే పన్నెండు కవితల దస్త్రం ముందుకు లాక్కుని, దాని మీద అనుమతి కాగితం పెట్టి, దాని మీద పెన్ను పెట్టారు. సంతకం ఆచారం అయ్యాకే, అన్నారు. తరవాత మాట్లాడటం మొదలుపెట్టారు.

“కవిత ఏం చెప్పిందని అడక్కూడదు. ఎలా నిలబడిందని అడగాలి. రాసిన చెయ్యి ఎవరిది, ఏ ఊరిది, ఆ పూట ఏం తిన్నది, ఇవన్నీ మనకి అనవసరం. పుట్టగానే బొడ్డుతాడు కోసెయ్యాలి. ఆ పైన కవిత సొంతంగా ఊపిరి పీల్చుకుంటుంది.”

“కోసిన మంత్రసానికి ముందు కాఫీ ఇవ్వండిరా” అంది అత్తగారు మూలనుంచి. అందరూ నవ్వారు. డాక్టరు గారు కూడా మర్యాదకి నవ్వారు.

“వదినా, ఇవాళ డికాషను నెమ్మదిగా దిగేట్టు చూడు. మనవాడి పరువు నీ సంచిలో ఉంది” అన్నాడు అర్సెనియో.

సోయిలా సంచిలో నీళ్ళు పోసింది. మొదటి చుక్క పడగానే చేతులు తుడుచుకుని లోపలికి వెళ్ళింది. వెనకే లియోన్సియో వచ్చి తలుపు వేశాడు. గోడ పలచన, అవతల గొంతులు వినపడుతున్నాయి.

“చూడండి, అతని మిషను చప్పుడు వినండి” అంటున్నారు డాక్టరు గారు. “నాలుగు దెబ్బలు, తరవాత నిశ్శబ్దం. అర్థం పుట్టేది ఆ నిశ్శబ్దంలో.”

లియోన్సియో కళ్ళు మూసుకున్నాడు. “ఓ అగ్నిగర్భ మాతా, నీ ధూమ్రకుంతలాల కారడవిలో దారితప్పిన తోకచుక్కలా నా ఆత్మ...”

సోయిలా కొట్టింది. ఓ అగ్నిగర్భ మాతా దగ్గర్నుంచి మొత్తం కొట్టింది. ఆయన ఊపిరి తీసుకునేలోపు ఆ మాట అయిపోయి తరవాతి మాట కోసం వేళ్ళు ఎత్తి కూర్చుంటోంది. ఇలా చేస్తానని ఆమె పొద్దున అనుకోలేదు. పొట్టు తీస్తున్నప్పుడు కూడా అనుకోలేదు. కత్తెర మాట ఇంకా చెవిలోనే ఉంది. సరే, దర్జీగారే కుట్టుకోనీ, నేను ముట్టుకోను అనిపించింది. అంతే. మనసులో కోపం ఉందేమోనని వెతుక్కుంది, కనపడలేదు. వేళ్ళు మాత్రం చల్లగా, తేలిగ్గా ఉన్నాయి.

అవతల ఎవరో అన్నారు, “ఇవాళ నిశ్శబ్దం లేదే.”

రేకుల పైకప్పు మీద వడగళ్ళలా మిషను మోగుతూనే ఉంది. లియోన్సియో కళ్ళు తెరిచాడు. దగ్గరికొచ్చి గొంతు తగ్గించి, “ఏమే, అన్నీ కొడుతున్నావా?” అన్నాడు.

“మీరు చెబుతున్నారుగా.”

“మామూలుగా కొట్టినట్టు కొట్టు.”

ఇద్దరూ అనుకున్న ఆ మాటలూ ఆమె కొట్టింది. ఆయన తలుపు వైపు చూశాడు. ఆగితే అవతలివాళ్ళకి అనుమానం, చెబితే కాగితానికి కొస లేదు. తనే కోసుకోవాలని నోరు తెరిచి, ఏ మాట తియ్యాలో తెలియక ఇంకో నాలుగు చేర్చాడు. లావాలు, సమాధులు, రెక్కలు, మళ్ళీ లావాలు వచ్చాయి. రెండో కాగితం అయిపోయి మూడోది ఎక్కింది.

“నీకు దణ్ణం పెడతాను సోయిలా, నువ్వు కొయ్యకపోతే నా దగ్గరేముంది?”

ఆమె వేళ్ళు ఒక్కసారి ఆగాయి. పదకొండేళ్ళుగా ఆ మాట కోసమే ఎదురుచూసినట్టుంది. చెప్పాల్సినవాళ్ళ ముందు చెప్పి ఉంటే, ఇవాళ చిన్న అక్షరాలు కూడా అడిగేది కాదేమో. మూసిన తలుపు వెనక, చెవిలో చెప్పాడు. ఆమె మళ్ళీ వేళ్ళు దించి, ఒక్క అక్షరం పోకుండా ఆ మాటా కొట్టింది.

“డికాషను దిగింది” అని కేక.

ఆయన కాగితాలు లాక్కునేలోపు తలుపు తీసి అర్సెనియో నిలబడ్డాడు. ఆచారం ఆచారమే. అతనే మూడు కాగితాలూ అందుకుని, మూడా అని ఆశ్చర్యపోయి, తీసుకెళ్ళి డాక్టరు గారి చేతిలో పెట్టాడు.

సోయిలా కాఫీ కలపడానికి వంటింట్లోకి వెళ్ళింది. డాక్టరు గారు గట్టిగా చదివారు. మొదటి కాగితం చదువుతుండగా ఇద్దరు కాళ్ళు మార్చుకున్నారు. రెండో కాగితం మధ్యలో, “ఏమే, అన్నీ కొడుతున్నావా? మీరు చెబుతున్నారుగా” అని వచ్చేసరికి డాక్టరు గారు కళ్ళజోడు పైకి తోసి, “అద్భుతం. కవితలోకి కాపురం నడిచొచ్చింది” అన్నారు.

“కొత్త ప్రయోగమండీ” అన్నాడు అర్సెనియో.

“ఆపండి” అన్నాడు లియోన్సియో. ముఖం వెలవెలబోయి ఉంది. “ఇక చదవక్కర్లేదు.”

కానీ డాక్టరు గారు మూడో కాగితంలో ఉన్నారు. ఆ పంక్తి కూడా అదే గొంతుతో చదివేశారు. నువ్వు కొయ్యకపోతే నా దగ్గరేముంది. చదివాక ఆ గొంతు ఎక్కడ పెట్టుకోవాలో ఆయనకి తెలియలేదు. కాగితం కిందికి దిగింది. వాన చప్పుడు ఒక్కసారిగా పెద్దదైంది. ఒక్కొక్కరే తలలు తిప్పి, ట్రే పట్టుకుని గుమ్మంలో నిలబడ్డ సోయిలా వైపు చూశారు. అన్నేళ్ళూ కాఫీ వైపు చూశారు కానీ ట్రే పట్టుకున్న మనిషి వైపు చూసినవాళ్ళు తక్కువ.

డాక్టరు గారు గొంతు సవరించుకున్నారు. “ఇది మీ ఇంటి విషయం. కోత వేరు, సృష్టి వేరు అమ్మా. అయినా నేను ముందే చెప్పాను కదా, రాసిన చెయ్యి ఎవరిదన్నది కవితకి అనవసరం.” ఆయన పెన్ను తీసి లియోన్సియో వైపు జరిపారు.

లియోన్సియో పెన్ను అందుకున్నాడు.

“అనవసరమైతే ఆయన పేరు కూడా తీసెయ్యండి” అంది సోయిలా.

పెన్ను ఆగింది.

“పేరు లేకుండా పుస్తకంలో ఎలా వేస్తామమ్మా?”

“అయితే అవసరమేనన్నమాట.”

డాక్టరు గారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. తొమ్మిది పేజీలు రాసిన మనిషికి ఒక్క పంక్తి దొరకలేదు. ఆమె ట్రే బల్ల మీద పెట్టింది. అనుమతి కాగితం కింద నుంచి పన్నెండు కవితల దస్త్రం మెల్లగా లాగి చంకలో పెట్టుకుంది.

“మా ఇద్దరి పేర్లూ వేస్తారా, ఎవరిదీ వెయ్యరా, మీరు తేల్చుకుని ఉత్తరం రాయండి. నాకు రాయండి. అప్పటిదాకా ఇవి నా దగ్గరుంటాయి.”

“సోయిలా, అవి అక్కడ పెట్టు” అన్నాడు లియోన్సియో.

నలుగురిలో ఆయన ఆమెని పేరు పెట్టి పిలవడం అదే మొదటిసారి. ఆమె ఆగి వింది. విని, బాగానే ఉంది అనుకుంది. లోపలికి వెళ్ళి తలుపు వేసుకుంది.

హాల్లో ఎవరూ కప్పు ఎత్తలేదు. డాక్టరు గారు పెన్నుకి మూత పెట్టారు. అర్సెనియో కిటికీ దగ్గరికి వెళ్ళి వానని పరీక్షించాడు. లియోన్సియో నిలబడ్డవాడు నిలబడ్డట్టే ఉన్నాడు.

లోపల మిషను మోగింది. నాలుగు దెబ్బలు. తరవాత చాలాసేపు ఏమీ లేదు. తరవాత రెండు.

అత్తగారు చెవి ఆ వైపు తిప్పి, కొడుకు చొక్కా పట్టుకుని లాగింది.

“ఒరే, నువ్విక్కడే ఉన్నావు కదరా. మరి లోపల దానికి చెబుతున్నదెవరు?”