తిన్నదంతా ఎటు పోతోంది?

నేను ఒక తూకపు మిషన్ని. ఉల్లిపాయలు తూచే రకం కాదు, మనుషుల్ని తూచే రకం. పైన నల్ల రబ్బరు, గుండ్రటి అద్దం కింద ఎర్ర ముల్లు, పొట్టలో స్ప్రింగులు. నన్ను బిగించిన మేస్త్రి "దీనికి మొహమాటం లేదురా" అని పక్కవాడితో అన్నాడు. ఆ మెప్పు నేను ఇంతవరకూ పోగొట్టుకోలేదు.

మొదట గుంటూరులో ఓ మందుల షాపు గుమ్మం దగ్గర ఉండేదాన్ని. మనుషులు ఎంత తమాషా అయినవాళ్ళో అక్కడే తెలిసింది. చెప్పులు విప్పుతారు, జేబులో సెల్లు తీసి పక్కవాడికిస్తారు, ఊపిరి బిగపడతారు. ముల్లు నచ్చినచోట ఆగితే నేను మంచిదాన్ని, నచ్చనిచోట ఆగితే పాడైపోయిన ఇనుప డబ్బాని. షాపు మూసేసినప్పుడు యజమాని నన్ను తన సొంతూరి ఆరోగ్య ఉపకేంద్రానికి ఇచ్చేశాడు. అక్కడి నర్సు మరియకుమారి రోజూ తడిగుడ్డతో నా అద్దం తుడిచి, ముల్లును సున్నా మీదకు తెచ్చాకే గర్భిణుల్ని పిలిచేది.

అలా పిలిచినవాళ్ళలో కోటేశ్వరి ఒకతె. తొలిచూలు. వెంట అత్త పేరమ్మ వచ్చేది. మొదటి నెల కంటే రెండో నెల ముల్లు కాస్త కిందనే ఆగింది. వేవిళ్ళన్నారు. ఆ తర్వాతి నెల ఇంకా కిందికి దిగింది. అప్పటికి వాంతులు లేవు, ఆకలి మాత్రం దంచేస్తోంది.

"మా కోడలు ఇద్దరి తిండి తింటంది సిస్టరమ్మా. నేనే దగ్గరుండి పెడతన్నా. నీ మిషనే తప్పు చూపిస్తంది" అంది పేరమ్మ.

ఆడలేక మద్దెల ఓడన్నట్టుంది వరస. ఆ పిల్ల పాదాలు నా మీద ఉన్నాయి కాబట్టి నాకు తెలుసు. అరికాళ్ళు చెమటతో తడిసి ఉండేవి. ఎంత కదలకుండా నిలబడినా సన్నగా వణికేది, ఆ వణుకు నా స్ప్రింగుల దాకా వచ్చేది.

"గుండె దడదడ కొట్టుకుంటంది సిస్టర్. ఫ్యాను కిందే ఉన్నా ఉక్కపోత. నిద్ర పట్టట్లేదు" అంది కోటేశ్వరి.

"వేడి చేసుంటది, మజ్జిగ తాగితే సరి" అని అత్త తేల్చేసింది.

మరియకుమారి నాడి పట్టి చూసింది. గుంటూరు పెద్దాసుపత్రికి వెళ్ళమని అప్పటికి రెండుసార్లు చెప్పింది. మిషన్ పాడైతే కోడల్ని ఆసుపత్రుల చుట్టూ ఎందుకు తిప్పాలని పేరమ్మ కదల్లేదు.

ఈ గొడవ తేల్చడానికి మామ సాంబయ్య వచ్చాడు. మిర్చి యార్డులో బస్తాలు కాటా వేయడమే ఆయన బతుకంతా. నా తప్పు నలుగురి ముందు పట్టిద్దామని ఇరవై కిలోల తూకపు రాయి బండి మీద పెట్టుకొచ్చాడు. నా మీద పెట్టాడు. ముల్లు ఇరవై దగ్గర నిలిచింది. పక్కకు జరిపి పెట్టాడు. ఇరవై. దించి, మళ్ళీ ఎత్తి పెట్టాడు. నేను మాట మార్చలేదు.

నెగ్గాను గానీ నాకు సంతోషం కలగలేదు. నేను నిజమైతే ఆ పిల్ల కరిగిపోవడమూ నిజమే. సాంబయ్యకూ అదే తట్టినట్టుంది. రాయిని అక్కడే వదిలేసి కోడలి మొహంలోకి చూశాడు.

"మిషన్ది తప్పేం లేదమ్మా. ఏ ఆసుపత్రికి పోవాలో చెప్పు, ఇప్పుడే బయల్దేరతాం" అన్నాడు మరియకుమారితో.

గుంటూరులో చేసిన రక్తపరీక్షలో సంగతి బయటపడింది, ఆ కాగితం పట్టుకుని మళ్ళీ మా దగ్గరికొచ్చారు. మెడలో ఉండే థైరాయిడ్ గ్రంథి ఉండాల్సిన దానికంటే ఎక్కువగా పనిచేస్తోంది. పెద్దాసుపత్రి డాక్టరమ్మ మాత్రలు రాసింది.

"థైరాయిడొస్తే లావైపోతారు గదా?" పేరమ్మకు ఇంకా నమ్మకం కుదరలేదు.

"అది తక్కువ పనిచేస్తే. ఎక్కువైతే తిన్నదంతా ఇట్టాగే కరిగిపోద్ది, గుండె పరుగులు పెట్టుద్ది. వదిలేస్తే తల్లికి బీపీ పెరగొచ్చు, గుండెకే ముప్పు రావొచ్చు. నెలలు నిండకుండా కాన్పవ్వొచ్చు, బిడ్డ బరువు తక్కువ పుట్టొచ్చు" అంది మరియకుమారి.

అంతటితో అయిపోతే వాళ్ళు మనుషులెందుకవుతారు? తర్వాతిసారి కోటేశ్వరి ఒక్కతే వచ్చింది. ముల్లు మళ్ళీ దిగింది.

"మాత్రలు నేనే ఆపేశా సిస్టర్. బిడ్డకేమన్నా అవుద్దని భయమేసింది."

"బిడ్డ కోసమే వేసుకోవాలి కోటేశ్వరీ. డాక్టరమ్మ నెలనెలా రక్తం చూసి, ఎంత తక్కువతో సరిపోద్దో అంతే రాస్తంది. పెంచాలన్నా ఆపాలన్నా ఆవిడే చెప్పాలి. నీ అంతట నువ్వు ఆపితే ప్రమాదం ఇద్దరికీ."

ఆ పిల్ల అక్కడే కూర్చుని ఏడ్చింది. ఏడ్చి లేచి మాత్ర మింగింది. తర్వాతి నెల నుంచి ముల్లు పైకి జరగడం మొదలుపెట్టింది. నెలలు నిండాక ఆడపిల్ల పుట్టింది. తల్లి రక్తం నుంచి బిడ్డకూ ఆ జబ్బు వచ్చి కొన్నాళ్ళు ఉండే వీలుందట. అందుకని బిడ్డ గుండె వేగం చూశారు, రక్తం పరీక్షించారు, బరువు కనిపెట్టి ఉండమన్నారు. నెల తిరిగాక కోటేశ్వరి బిడ్డనెత్తుకుని నా మీదికెక్కింది, తర్వాత బిడ్డను సాంబయ్య చేతికిచ్చి ఒక్కతే ఎక్కింది. మరియకుమారి ఒకదాంట్లోంచి ఒకటి తీసేసి, "బాగా పెరిగింది" అంది. పేరమ్మ కొంగుతో మొహం తుడుచుకుంది. దాచుకోవడం దేనికి, ఆ రోజు నా అంత ఆనందం ఆ గదిలో ఎవరికీ లేదు.

ఇప్పుడు నా స్థానంలోకి అంకెలు వెలిగే మిషనొకటి వచ్చింది. నన్ను మూలకు జరిపి నా మీద దూది పెట్టె పెట్టారు. మొన్న కోటేశ్వరి వచ్చింది, చేతిలో పాప, పక్కన అత్త లేదు. అలవాటు కొద్దీ మరియకుమారి "ముందు బరువు చూద్దాం, ఎక్కు" అంది.

"బరువు తర్వాత సిస్టర్. రెండో బిడ్డను కనాలనుకుంటున్నాం. నెల తప్పకముందే థైరాయిడ్ చూపించుకుంటా. అది సరిగ్గా ఉందని డాక్టరమ్మ చెప్పాకే మిగతా సంగతి" అంది కోటేశ్వరి.

నా వంక చూడను కూడా లేదు. ముల్లు దిగేదాకా ఆగేది కాదు ఇక ఆ పిల్ల.