నిమ్మగడ్డి పడని పిల్ల

మా మనవడిది సెలూన్ పని. వాడి చేతులు ఎప్పుడూ సబ్బు వాసన వేసేవి. ఈ ఏడు మాత్రం వాటికి నిమ్మగడ్డి వాసన పట్టుకుంది. ఎందుకంటే వాడి పెళ్ళాం నీళ్ళోసుకుంది. కిందటిసారి కడుపు దోమ కుట్టి వచ్చిన జ్వరంతోనే పోయింది. అప్పటినుంచీ దోమ కనిపిస్తే వాడికి పాము కనిపించినట్టే. కాయిల్ వెలిగిస్తే ఆ పిల్లకు దగ్గు, దోమతెరలో పడుకుంటే ఊపిరాడదు. మాది ఒకటే గది, ఒకటే కిటికీ, ఆ కిటికీ కింద మురుక్కాలువ. కాలువ బాగుచేయించమని వీధివాళ్ళంతా మున్సిపాలిటీకి వెళ్ళి మొరపెట్టుకుంటే ఒకాయన వచ్చాడు, చూశాడు, ముక్కు మూసుకుని పోయాడు.

గడ్డం గీయించుకోవడానికి వచ్చినవాడెవడో చెప్పాడట, నిమ్మగడ్డి, పుదీనా, బంతి పెంచితే దోమ గుమ్మం తొక్కదని. ఇక మావాడు ఆగుతాడా? కుండీలు చాలక పెయింటు డబ్బాలూ పగిలిన బకెట్లూ తెచ్చి మెట్ల మీదా కిటికీలోనూ నింపేశాడు. కింది వాటాలో ఉండే మెకానిక్ వరస కలుపుకుని వేళాకోళమాడేవాడు.

"ఏం బావా, పొలం కొన్నావా? ఓ ఆవును కూడా తోలుకురా, మేపుకుందాం."

"నీకూ నాలుగు పిలకలిస్తాగానీ, ముందు ఆ నోరు ముయ్యి. దోమలు దూరతాయ్."

నవ్వుకున్నాం. దోమలు మాత్రం ఆ ఆకుల మీదే దర్జాగా వాలి కూర్చునేవి. మళ్ళీ ఆ గడ్డం మనిషే చెప్పాడట, మొక్క ఊరికే ఉంటే లాభం లేదు, ఆకు నలిపితేనే వాసన వస్తుందని. వాడి చేతిలో ఉన్న పనే కదా అది! తలకు నూనె మర్దన చేసినట్టు, రోజూ సాయంత్రం వచ్చీ రాగానే గుప్పెళ్ళకొద్దీ ఆకు నలిపి మంచం కోళ్ళకూ, కిటికీ ఊచలకూ, దుప్పటి అంచులకూ రుద్దేవాడు.

ఆ పిల్లకేమో వేవిళ్ళు. అందరికీ మూడో నెల దాటాక తగ్గుతాయి, దానికి తగ్గలేదు. వాడు రుద్దడం మొదలుపెట్టగానే నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని మెట్లు దిగి పోయేది. చివరి మెట్టు మీద, సరిగ్గా కాలువ పక్కన కూర్చునేది. నేను తువ్వాలు తీసుకుని విసురుతూ పక్కన కూలబడేదాన్ని. ఎంతని విసరను?

"పడట్లేదని వాడితో చెప్పవే."

"చెప్తే చిన్నబోతారు నానమ్మా. రోజంతా నిలబడి నిలబడి వచ్చి, నాకోసమేగా ఆ పాట్లు."

దానివల్ల కాదని నేనే అడిగాను.

"ఒరేయ్, నీ వాసనకి దోమ పోవట్లేదురా, పెళ్ళాం బయటికి పోతోంది!"

"నాలుగు రోజులు ఓర్చుకుంటే అదే అలవాటైపోద్ది నానమ్మా. వాసన తగ్గిందనుకో, దోమ వస్తుంది. మళ్ళీ అదే జరిగితే?"

మర్నాటి నుంచి వాడు ఇంకా ఎక్కువ నలిపాడు. ఆ పిల్ల ఇంకాస్త ముందే మెట్లు దిగింది.

జ్వరం రానే వచ్చింది. మెట్టు మీద కుట్టిందో, మంచం మీద కుట్టిందో, దోమ చెప్పి కుడుతుందా? ఆసుపత్రిలో సెలైన్ పెట్టారు, రక్తం ఎక్కించారు. డాక్టరమ్మ బయటికొచ్చి మావాడి భుజం మీద చెయ్యి వేసింది. ఆవిడ నోరు విప్పకముందే వాడు నేల మీద కూర్చుండిపోయాడు.

తల్లిని దక్కించారు, అంతే.

ఇంటికి తెచ్చాక ఆ పిల్ల గోడవైపు తిరిగి పడుకుంది. వాడు డబ్బాలు ఒక్కొక్కటీ ఎత్తి బయటికి మోయడం మొదలుపెట్టాడు. కిటికీలోని నిమ్మగడ్డి మీద చెయ్యి వేయగానే ఆ పిల్ల తల తిప్పకుండానే అంది.

"ఉండనివ్వండి. ఎందుకు మోస్తారు?"

"నీకు పడదుగా."

"ఇప్పుడేం కావట్లేదు. వాసన బానే ఉంది."

వాడు డబ్బా ఎత్తి పట్టుకుని అలాగే నిలబడ్డాడు. "ఎక్కడన్నా పెట్టరా, బరువు" అన్నాను. ఎక్కడ పెట్టాలో వాడికి తోచలేదు. నాకూ తోచలేదు.