పండక్కి మానేసిన పని

ముప్పై ఒక్క ఏళ్లు కాఫీ తోటలో చాకిరీ చేసిన కిల్లో సోములుకు పదవీ విరమణ రోజున యాజమాన్యం బంతిపూల దండ వేసి, స్టీలు క్యారేజీ చేతిలో పెట్టి, ఫొటో తీసింది. పెదబయలు కొండల్లో అదే పెద్ద సన్మానం. గ్రాట్యుటీ మాట ఎత్తగానే మాత్రం మేనేజరు వరహాలరావు, "దానికి వరసగా అయిదేళ్ల సర్వీసుండాలి, నీకు అదీ లేదు కదయ్యా!" అని నవ్వాడు.

సోములు తోటవాళ్ల క్వార్టరు నెలలో ఖాళీ చేయాలి. సొంతూళ్లో గోడలు లేచిన ఇల్లు కప్పు కోసం ఆ డబ్బు మీదే ఆశ పెట్టుకుంది. లాయరు గాయత్రి ఫీజు అడగకుండా కేసు వేసింది.

విచారణ రోజున కంపెనీ వకీలు దేవీప్రసాద్ ఎంతో మర్యాదగా అడిగాడు.

"సోములు గారూ, ప్రతి చైత్రంలో ఏం చేసేవారు?"

తనను తొలిసారి 'గారూ' అన్న మనిషికి అబద్ధం చెప్పబుద్ధి కాలేదు.

"ఇటుకల పండగ బాబూ, ఊరు ఊరంతా ఏటకెల్లీ పండగ. పని మానేసీవోణ్ణి. మానకపోతే ఊరు తప్పేసి డబ్బులు కట్టిత్తాది."

"మళ్లీ ఎప్పుడు చేరేవారు?"

"పండగైపోనాక. మేస్త్రి కాయితం మీద ఏలిముద్ర ఎయించి రానిచ్చీవోడు."

గాయత్రి తల పట్టుకుంది. ఆ కాగితాలన్నింటి మీదా ఒకటే వాక్యం: 'నా ఇష్టపూర్వకంగా ఉద్యోగం మానేసి, మళ్లీ కొత్తగా చేరుతున్నాను.' కొండ మీద పని మానడమంటే నాలుగు రోజులు పోకపోవడం. కాగితం మీద అదే మాటకు కొలువు వదులుకోవడమని అర్థం. సోములు నిజమే చెప్పాడు, ఆ నిజంతోనే ఓడిపోయాడు. ముప్పై ఒక్క ఏళ్లూ గంగలో కలిశాయి.

"అప్పీలుకు వెళ్దాం బాబాయ్. మూడు నాలుగేళ్లు పట్టొచ్చు," అంది గాయత్రి.

"అందాకా నానుంటానేటమ్మా?"

మళ్లీ చైత్రం వచ్చి వెళ్లింది. సోములు భార్య చిట్టెమ్మ ఆ తోటలోనే ఇరవై రెండేళ్లుగా కూలి. పండగ మర్నాడు కూలీలు గేటు దగ్గర వరస కట్టేసరికి సోములు అక్కడికి చేరుకున్నాడు.

"సదివించుకోకండా ఏలెట్టకండర్రా!"

కూలీల్లో పది చదివిన ఫల్గుణ కాగితం అందుకుని గట్టిగా చదివాడు. అందరూ విన్నారు. అందరికీ అర్థమైంది. మేస్త్రి మాత్రం తొణకలేదు.

"ఏస్తే పని. నేకపోతే దారి అదిగో."

ముందున్నది చిట్టెమ్మే. మొగుడి వైపు తిరిగింది.

"సదివించినావు, ఇన్నాను. మరి బియ్యం ఎవులిత్తారు?"

ముద్ర వేసి లోపలికి వెళ్లిపోయింది. వెనకే తక్కినవాళ్లూ, ఆఖరికి ఫల్గుణా.

చదువు లేకే గిరిజనులు మోసపోతున్నారని మనం సులువుగా అనేస్తాం. ఆ రోజు నలభై మంది కాగితం విన్నాకే ముద్ర వేశారు. ఆకలి వేయించిన వేలిముద్రను ఇష్టమని చదువుకున్నన్నాళ్లూ మన న్యాయం కూడా చదువురానిదే.