తడి గడ్డి

ఒడాన్ మోపు విప్పి గడ్డిని గదంతా పరిచాడు. ఆ కాలపు పారిస్‌లో ఈ వీధి విద్యార్థులకి బల్లలుండవు. నేలమీద గడ్డిలో కూర్చునే పాఠం వింటారు. పాఠం అయ్యాక నలిగిన గడ్డిని చూస్తే చాలు, గురువు పలుకుబడి ఎంతో ఒడాన్‌కి తెలిసిపోయేది. తన గురువు ఎర్వే గదిలో నిన్న నలిగింది కుర్చీ చుట్టూ కాస్త మేరే. ఎదురింట్లో గడ్డి పొడైపోయింది.

"ఏమోయ్ ఒడాన్, నీ గడ్డి ఇంకా కొత్తగానే ఉందిగా. మాకిచ్చెయ్యరాదూ?" అన్నాడు ఎదురింట్లో గడ్డి పరిచే గారెన్, చీపురు దులుపుతూ.

పరకలు గీసుకుని గీసుకుని ఒడాన్ వేళ్లు పగుళ్లు తేలాయి. నడుం వంగిపోయింది. 'దేవుణ్ణి ముందు నమ్ము, అర్థం తర్వాత అవుతుంది' అని ఎర్వే చెబుతుంటే ఒకప్పుడు గుమ్మం దాకా జనమే. ఇప్పుడు ఎదురింటి కుర్ర గురువు దేవుడున్నాడని తర్కంతోనే తేలుస్తానంటున్నాడు. బేరమంతా అటే పోయింది. ఒడాన్‌కి కడుపు మండిపోయేది.

గారెన్ ప్రార్థనకి వెళ్లగానే, ఒడాన్ వానకి తడిసిన మోపు ఒకటి తీసుకెళ్లి ఎదురింట్లో పరిచాడు. పైన పొడిగడ్డి కప్పాడు. తడి తగిలితే కుర్రాళ్లు లేచి ఇటే వస్తారని లెక్క. తన గురువు పాదాలకి మాత్రం, ఎప్పట్లాగే, ఎండిన మెత్తటి పరకలు ఏరి చిన్న కట్ట కట్టి కుర్చీ ముందు పెట్టాడు.

ఎర్వే దగ్గుకుంటూ వచ్చాడు. లోపలికి రాకుండా వీధి దాటబోయాడు.

"అటెక్కడికి గురువుగారూ?"

"నేను జన్మంతా నమ్మినదాన్ని ఆ అబ్బాయి రుజువు చేస్తానంటున్నాడట. వినొద్దూ?"

"అక్కడ చలండీ. మీ ఒంటికి పడదు."

"అంతమంది మధ్య చలేమిట్రా."

గడ్డి తడిగా ఉందన్న మాట నోటిదాకా వచ్చింది. ఎదురు గుమ్మంలో గారెన్ నిలబడి చూస్తున్నాడు. ఒడాన్ ఆ మాట మింగేసి గురువు వెనకే వీధి దాటాడు.

ఎర్వే కుర్రాళ్ల మధ్య గోడవార కూర్చున్నాడు. తడిని ఎవరూ లెక్కచెయ్యలేదు, ఒక్కడూ లేవలేదు. ముసలాయన ఒకచోట తలాడించాడు. ఒకచోట చిన్నపిల్లాడిలా నవ్వాడు. ఆ నవ్వు తమ గదిలో ఎన్నడూ చూడలేదు ఒడాన్.

పాఠం ముగిసి అందరూ లేచారు. ఎర్వే లేవలేదు. ఊపిరి ఆగిపోయి ఉంది.

"అంగీ ఇంత తడిసిపోయిందేమిటి," అన్నాడు గారెన్, ఆయన్ని భుజాల దగ్గర ఎత్తుతూ. ఒడాన్ కాళ్లవైపు పట్టుకున్నాడు.

ఒడాన్ ఒక్కడే తిరిగొచ్చేసరికి గదిలో కుర్చీ ముందు ఆ ఎండు కట్ట, వేసిన ముడి వేసినట్టే, ఒక్క పరకా నలగకుండా ఉంది.